తిరగలి విజయము అను బాగలూరు ప్రబంధం

శ్రీకారం చుట్టందే ప్రబంధం కదలదు. హోసూరు కొండమీద కొలువున్న చంద్రచూడేశ్వరుడికి ఒక దండం. ఆ నేలను తడుపుతూ పోయే దక్షిణ పినాకినికి ఒక దండం. మూడో దండం మాత్రం సాష్టాంగం: శిలాద్వయ స్వరూపిణి, ధాన్య మర్దిని, ప్రతి ఇంటి మూలలోనూ కూర్చుని గుర్రుమనే తల్లి తిరగలికి. సంప్రదాయం ప్రకారం కుకవినింద కూడా చెయ్యాలి. నాకు కవులతో పేచీ లేదు గనక ఆ నిందను చరిత్రకారుల ఖాతాలో వేస్తున్నాను. బాగలూరులో పోయిన ఫిరంగులు రెండు అని వాళ్ళు లెక్కగా రాసుకున్నారు. ఇత్తడివని రాశారు. ఎన్ని పౌన్ల గుండు పడుతుందో అదీ రాశారు. తిరగళ్ళ సంగతి ఒక్కడూ ఎత్తలేదు. పద్దెనిమిది పౌన్ల గుండంటే ఎనిమిది కిలోల పైచిలుకు. మా వైపు తిరగలి పైరాయి అంతకంటే బరువు తూగుతుంది, పైగా అది ఎవరినీ చంపదు. ఏది కావ్యానికి తగిన వస్తువో చదువరులే చెప్పాలి.

ఇక పురవర్ణన. బాగలూరు హోసూరుకు ఈశాన్యంగా, మాలూరు దారిలో ఉంది. పాతవాళ్ళు మొరసునాడు అనే నేల ఇది. ఇప్పుడు తమిళనాడులో కృష్ణగిరి జిల్లా కిందికి వస్తుంది. గట్టు దాటితే కర్ణాటక. ఇంట్లో తెలుగు, అంగట్లో కన్నడం, కాగితం మీద తమిళం. ఇప్పుడు ఆ చుట్టుపట్ల ప్లాస్టిక్ పందిళ్ళ కింద గులాబీలు పూస్తున్నాయి గానీ, మన కథాకాలానికి అది పాళెగాళ్ళ ఊరు. ఒక చిన్న కోట, కోట ముందర పేట. ప్రబంధాల్లో కోట బురుజులు సూర్యుడి రథానికి అడ్డం వస్తాయి. ఈ బురుజులు మేకలకు అడ్డం వచ్చేవి, అదీ అప్పుడప్పుడూ. పట్టపుటేనుగులు లేవు. ఎద్దులు ఉండేవి, ఒక్కొక్కటి తానే పట్టపుటేనుగునని నమ్మేది.

కావ్యానికి అష్టాదశ వర్ణనలు ఉండాలని లాక్షణికులు శాసించారు. నగరం, సముద్రం, ఋతువులు, చంద్రోదయం, జలక్రీడ, విరహం, వివాహం, యుద్ధం, ఇలా పద్దెనిమిది. బావిలో పడ్డ కడవను కొక్కెం వేసి తీయడమే మా జలక్రీడ. సముద్రం ఎంత నడిచినా కనపడదు. దాని సంగతి తర్వాత చూద్దాం. యుద్ధం ఒక్కటే ఈ ఊరికి అడక్కుండా దొరికింది.

సర్వధారి నామ సంవత్సరం, కార్తీక మాసం. ఇంగ్లీషు లెక్కలో 1768 నవంబరు. మొదటి మైసూరు యుద్ధం జరుగుతోంది. కుంపిణీ దండు ఆ ఏడే హోసూరు కోట పట్టుకుంది, హైదరలీ దాన్ని మళ్ళీ పట్టుకోవాలని ముట్టడి వేశాడు. కోటను ఆదుకోవడానికి కల్నల్ వుడ్ బయల్దేరాడు. వచ్చినవాడు డేరాలూ సామాన్లూ, నడక సాగనివ్వని ఆ రెండు ఫిరంగులూ బాగలూరులో దించి, రాత్రికి రాత్రి తేలిగ్గా హోసూరు పోయాడు. హైదరు అక్కడ కాచుకుని కూర్చోలేదు. చుట్టు తిరిగి వచ్చి బాగలూరు మీద పడ్డాడు. పేటలోకి గుర్రాలు వచ్చాయి. పేట జనం, దండు వెంట నడిచే కూలీలు, బరువు మోసే పశువులు, అందరూ ఒక్కసారిగా కోట వాకిలి మీదికి పరుగెత్తారు. లోపలివాళ్ళు తలుపు మూశారు. ఆ వాకిట్లో ఆడా మగా పిల్లా ముసలీ నలిగి చనిపోయారు, వందల్లో కాదు, వేలల్లో.

ఇక్కడ ప్రబంధానికి నోరు లేదు. సమాసాలు పక్కన పెడుతున్నాను. మళ్ళీ చేతికి తీసుకుంటే బతికి మిగిలినవాళ్ళ కోసమే.

వుడ్ మోత విని వెనక్కి వచ్చేసరికి హైదరు ఫిరంగులతో సహా వెళ్ళిపోయాడు. కొన్నాళ్ళకు వుడ్‌ను తప్పించి దండును కల్నల్ లాంగ్‌కు అప్పగించారు. చరిత్ర గ్రంథాల్లో బాగలూరు అధ్యాయం అక్కడికి సరి. ఊరికి అక్కడే మొదలు. ఆ మర్నాటి సంగతులు ఏ దఫ్తరులోనూ ఎక్కలేదు గనక, రాగి తినే ఊరు ఎక్కడైనా ఏ పద్ధతిలో లేచి నిలబడుతుందో ఆ పద్ధతినే పాడుతున్నాను. పాత్రలకు పేర్లు పెట్టను. అవ్వ, కోడలు, పక్కింటామె: ఏ మహాకావ్యానికైనా ఈ ముగ్గురు చాలు.

ఋతువర్ణన. కార్తీకమంటే రాగి కంకి పిడికిలి ముడిచే కాలం. దండులకు పంచాంగం ఎప్పుడూ బాగా తెలుసు. పంట చేతికి వచ్చే వారానికే వస్తాయి. గుర్రాలు తొక్కిన చేను చూసి నాయకుడు మూర్ఛపోవాలని కావ్యనియమం. అవ్వకు అంత తీరిక లేదు. చీర కొంగు దోపి, నేలకు కరుచుకున్న కంకుల్ని ఒక్కొక్కటే ఏరుతూ చేను ఈ గట్టు నుంచి ఆ గట్టుకు పోయింది. గాండీవం లేదు, కొడవలి ఉంది. ఆ కొడవలి కూడా పిడి లేని కొడవలి. ఉలవల మాట అడక్కండి. ఉలవలు గుర్రపు దాణా. హైదరు అశ్వదళమూ కుంపిణీ అశ్వదళమూ ఎన్ని విషయాల్లో కొట్టుకున్నా ఉలవల విషయంలో ఒక్కమాట మీద ఉన్నాయి. ఆ ఏడు బాగలూరులో ఉలవచారు అనేది పురాణాల్లో వినే అమృతమైపోయింది.

ఇప్పుడు పాతాళ ప్రవేశం. రాగులకు ఒక వరం ఉంది. గట్టినేలలో గుంత తీసి, లోపల గడ్డి పరిచి, ధాన్యం పోసి, మూతమీద బండ వేసి మట్టి మెత్తితే ఏళ్ళ తరబడి పురుగు ముట్టదు. దీన్ని పాతర అంటారు. కోటకు బురుజులుంటాయి, జెండా ఉంటుంది, అందుకే శత్రువుకు దూరం నుంచే కనపడుతుంది. పాతరకు ఏమీ ఉండదు. దానిమీద దూడను కట్టేస్తారు, దూడ తన పని తాను చేసుకుంటుంది, శత్రువు ముక్కు మూసుకుని పక్కనుంచి పోతాడు. ఇంతటి దుర్గనిర్మాణ శాస్త్రం ఏ ఫ్రెంచి ఇంజనీరుకూ అందలేదు.

చిక్కేమిటంటే గుర్తులు పోయాయి. వేపచెట్టుకు ఉత్తరంగా ఏడడుగులు అని పెద్దాయన చెప్పి ఉన్నాడు. పెద్దాయన లేడు. వేపచెట్టు పొయ్యిలోకి పోయింది. దూడ సంగతి దండు వంటవాళ్ళకు తెలియాలి. అప్పుడు అవ్వ, సీతాన్వేషణకు బయల్దేరిన హనుమంతుడికి తగ్గని గాంభీర్యంతో, రోకలి బుజాన వేసుకుని వాకిలంతా తిరిగింది. ప్రతి అడుగుకూ నేలను రోకలితో ఒక పోటు. గట్టినేల గట్టిగా పలికింది. చివరికి ఒకచోట నేల డొల్లగా పలికింది. ఆ మోత విన్నప్పుడు దేవదుందుభులు మోగి ఉండాలి, పూలవాన కురిసి ఉండాలి. మోగలేదు, కురవలేదు. కోడలు మాత్రం పరుగున వచ్చి గడ్డపార అందించింది.

బండ తీసినా వెంటనే దిగకూడదు. పాతరలో గాలి చెడి ఉంటుంది, తొందరపడి దిగినవాడు పైకి రాడు. ముందు గంటలకొద్దీ మూత తెరిచి ఉంచి, తర్వాత తాడు కట్టి దీపం దించాలి. దీపం ఆరితే పాతాళం ఇంకా ఒప్పుకోలేదని అర్థం. ఇంటిల్లిపాదీ, వీధిలో మిగిలినవాళ్ళూ గుంతచుట్టూ చేరి ఆ వత్తి వైపు చూశారు. మొదటిసారి ఆరింది. మళ్ళీ కాచుకున్నారు. రెండోసారి మినుకుమంది గానీ నిలిచింది. బలి చక్రవర్తి సభలోకి వామనుడు అడుగుపెట్టినట్టు, ఒళ్ళు సన్నగా ఉన్న ఒక కుర్రవాణ్ణి నడుముకు తాడు కట్టి దించారు. ఇక్కడ మాత్రం పాతాళమే దానం చేసింది. చాట తర్వాత చాట, ఎర్రగా, చల్లగా, నాలుగేళ్ళ నాటి రాగులు పైకి వచ్చాయి. యుద్ధం పుట్టక ముందటి రాగులు.

రాగులున్నాయి, పిండి లేదు. ఇక్కడ మన కావ్యనాయిక ప్రవేశిస్తుంది, విరహంలో.

తిరగలి కిందిరాయి మట్టిలో పాతుకుని కూర్చుంటుంది, ఇల్లు కాలి కూలినా కదలదు. పైరాయి పరారీ. ఎవడో దండువాడు దోచుకుపోయాడని అనుమానించి వాణ్ణి పొగడక్కర్లేదు; అంత బరువు మోసుకుని ఎవడు పోతాడు? కిందిరాయి బూడిదలో ఒంటరిగా, నడుమ ఇనుపశీల ఆకాశం వైపు చూపుకుంటూ, ఎన్నో రాత్రులు గడిపింది. చందనం పూయడానికి చెలికత్తెలు లేరు. మంచు కురిసింది, అది చల్లదనమో తాపమో రాళ్ళకే తెలియాలి. కాకి ఒకటి వచ్చి శీలమీద కూర్చునేది. హంస రాయబారం చెల్లే దేశాల్లో హంసలుంటాయి. మన ఊళ్ళో కాకి.

పైరాయి పేట చివర దొరికింది. దండు వంట చేసుకున్న చోట మూడు పొయ్యిరాళ్ళలో ఒకటిగా, మసి పట్టి, సన్యాసం పుచ్చుకున్న వేషంలో ఉంది. అవ్వ దాన్ని కంటి చూపుతోనే పట్టేసింది. తన పెళ్ళినాటి నుంచి తిప్పిన రాయి అది; దాని పెదవి విరిగిన చోటు ఆమె చేతికి తెలుసు. దొర్లించుకుంటూ వీధి పొడుగునా తెచ్చారు. రథోత్సవానికి పట్టేంత జనం లేరు, ఉన్నవాళ్ళే ముందొక చేయి వెనకొక చేయి వేశారు.

వివాహ వర్ణన క్లుప్తంగా. పురోహితుడు కక్కు కొట్టేవాడు. మంత్రం ఉలి చప్పుడు. అరిగిన రెండు ముఖాలకూ కొత్తగా గంట్లు పెట్టాడు, దక్షిణ కింద మొదటి పిండిలో వాటా అడిగాడు. కాలిపోయిన పిడికి బదులు కొత్త కొయ్యపిడి దిగ్గొట్టడమే మాంగల్యధారణ. తలంబ్రాలు గుప్పెడు రాగులు, నడినెత్తిన ఉన్న కంట్లో పోశారు. కోడలు ఒకవైపు, అవ్వ ఒకవైపు కూర్చుని పిడి పట్టి తిప్పారు. గుర్రు... గుర్రు... ఫిరంగి మోత విని జనం పారిపోయారు. ఈ మోత విని వచ్చారు. ఊళ్ళో కోళ్ళన్నీ రెండు దండుల కడుపుల్లోకీ పోయాయి గనక, ఆ చలికాలమంతా తెల్లవారుజామున బాగలూరును నిద్రలేపింది తిరగలే.

ఇక మహాయుద్ధం. యుద్ధవర్ణనకు నాకు అభ్యంతరం లేదు, పోరాడేవాళ్ళు ఎవరన్నదే ప్రశ్న. రణరంగం మట్టికుండ. ఎసరు తెర్లుతోంది. ముందు కొర్రనూక దిగింది, కాల్బలం. అది మెత్తబడ్డాక రాగిపిండి గోపురమంత కుప్పగా పడింది. కోడలు తెడ్డు వెనక్కి తిప్పి ఆ గోపురం నడిబొడ్డున ఒక్క పోటు పొడిచి ఆవిరికి దారి చేసింది. కాసేపు సంధికాలం. మంట తగ్గించారు. తర్వాత కుండ దించి, రెండు పాదాలతో అదిమిపట్టి, రెండు చేతులా తెడ్డు ఎత్తింది.

అప్పుడు లేచాడు గడ్డాసురుడు. పైకి చూస్తే సంగటి, లోపల ఉడకని పొడిపిండి దాచుకున్న మాయావి. ఒక్కణ్ణి చంపితే రెండుగా చీలతాడు, రక్తబీజుడి చిన్నాన్న కొడుకు. కోడలు కుడినుంచి ఎడమకు తెడ్డు విసిరింది. గడ్డాసురుడు కుండ అంచు వెంట దాక్కున్నాడు. ఎడమనుంచి కుడికి విసిరింది. అడుగుకు జారాడు. అవ్వ రథసారథిలాగా పక్కన కూర్చుని ఉపదేశం చేసింది: "అడుగు నుంచి ఎత్తమ్మే, అడుగు నుంచి! పైన గెలికితే ఏముండాది?" భగవద్గీత కంటే చిన్నది, అంతకంటే వెంటనే పనికి వచ్చింది. చెమట కారింది, గాజు ఒకటి చిట్లింది, కుండ నిలిచింది. చివరి గడ్డ చితికిన క్షణాన సంగటి నునుపు తేలి తెడ్డును వదిలింది.

వెంటనే చంద్రోదయం. అవ్వ చెయ్యి తడి చేసుకుని ముద్ద చుట్టింది. ప్రబంధ చంద్రుడు తెల్లనివాడు, విరహులను కాలుస్తాడు. బాగలూరు చంద్రుడు నల్లనివాడు, ఆబగా మింగినవాళ్ళను కాలుస్తాడు. ఆయన ముఖాన మచ్చ ఉందా అని వెతకనక్కర్లేదు, ఒళ్ళంతా మచ్చే. నమలకూడదు, ఊరుబిండిలో అద్ది మింగాలి. ఊరుబిండిలో మిరపకాయ ఉంది, చింతపండు ఉంది. ఉప్పు లేదు.

ఉప్పు లేని సంగటి తిన్నవాడికి గాని సముద్రవర్ణన ఎందుకు పెట్టారో అర్థం కాదు. మూడువేల అడుగుల ఎత్తున ఉన్న ఊరికి సముద్రం నడిచి రాదు, తూర్పుతీరపు మడుల నుంచి ఎద్దుల వీపు మీద కనుమలు ఎక్కి వస్తుంది. తెచ్చేవాళ్ళు లంబాడీలు. ఆ కాలపు యుద్ధాలన్నీ వాళ్ళ ఎద్దుల మీదే నడిచాయి. దండులకు తిండిగింజలు తోలింది వాళ్ళే, ఎవరు డబ్బిస్తే వాళ్ళకు. అందుకని దండు కదిలినన్నాళ్ళూ ఊళ్ళకు ఉప్పు రాదు. ఒక సాయంత్రం మాలూరు దారిన గంటల చప్పుడు వినపడింది. గుర్రపు గిట్టలా, ఎద్దు గంటలా అని ఊరు ఊపిరి బిగబట్టి వింది. గంటలే. గోనె విప్పారు. లోపల బంగాళాఖాతం, తెల్లగా, రాళ్ళు రాళ్ళుగా. రత్నాకరుడన్న బిరుదు నాకెప్పుడూ అతిశయోక్తిగా తోచేది. ఆ పూట తోచదు. అవ్వ చిటికెడు నాలుక మీద వేసుకుని కళ్ళు మూసింది, తర్వాత కళ్ళు తెరిచి బేరం మొదలుపెట్టింది.

ఎద్దుల గురించి రెండు మాటలే. దండు తోలుకుపోగా వీధికి ఒకటి మిగిలింది. కాడికి రెండోవైపు ఆవును కట్టారు. ఎద్దు అవమానంతో మూడు రోజులు మొహం తిప్పుకుంది. నాలుగోరోజుకు సర్దుకుంది, ఎందుకంటే ఆవు దానికంటే తిన్నగా నడిచింది.

1769 ఏప్రిల్లో హైదరలీ మద్రాసు గుమ్మం దాకా పోయి కూర్చుంటే కుంపిణీ దిగివచ్చి సంధి రాసుకుంది. షరతులు సులువైనవి: ఎవరి దగ్గర పట్టుకున్న ఊళ్ళు వాళ్ళకు తిరిగిచ్చేయాలి, ఇకమీదట ఒకరికి ఆపద వస్తే మరొకరు సాయపడాలి. మొదటిది జరిగింది. రెండోది, మరాఠాలు హైదరు మీద పడ్డప్పుడు కుంపిణీకి గుర్తు రాలేదు. ఆ మరుపు మీద ఇంకో యుద్ధం, ఆ తర్వాత మరోటి. 1791 జులైలో కారన్‌వాలీసు దండు హోసూరు తీసుకుంది. 1799 మార్చిలో హారిస్ దండు కెలమంగలం మీదుగా శ్రీరంగపట్నం పోయింది, దారిలో మేత దొరక్కుండా టిప్పు రౌతులు ఊళ్ళు తగలబెట్టారు. ప్రతిసారీ పాతర, ప్రతిసారీ పైరాయి వేట. ఒకే కావ్యాన్ని ఇన్నిసార్లు రాయించుకున్న నేల అరుదు.

మద్రాసు సంధి కాగితం ఎండుతున్న ఆ రోజుల్లోనే బాగలూరు వీధిలోనూ ఒక సంధి జరిగిందనుకోవాలి. పాతర తీసిన పూట అవ్వ చాట పక్కింటామె తీసుకుంది. పక్కింటామె జల్లెడ అంతకుముందే అవ్వ దగ్గరుంది. ఇద్దరి ఇళ్ళకూ కప్పు లేని రోజుల్లో ఎవరి సామాను ఎవరిదో ఎవరూ అడగలేదు. కప్పులు పడ్డాయి. బోద కొత్తది, గోడ అలికింది, గుమ్మానికి పసుపు పెట్టింది. ఇక అడగవచ్చు.

"ఏమ్మే, నా చాట యాడుండాది?"

"నా జల్లెడ ఉండే చోటే ఉంటాది అవ్వా."

దూతలు నడిచారు, అంటే కోడలు నడిచింది. షరతులు కుదిరాయి. ముందు చాట, తర్వాత జల్లెడ, మధ్యలో అరిచేతి మందం పిండి నష్టపరిహారం. ఏ ఇంట్లో పొయ్యి ఆరినా రెండో ఇంటివాళ్ళు నిప్పు ఇవ్వాలి. ఇది మూడో షరతు, అడగకుండానే ఒప్పుకున్నది. చాట వచ్చింది. అవ్వ దాన్ని వెలుతురుకు ఎత్తి, తిప్పి, వేలితో తడిమింది.

"అంచు విరిగిండాదే!"

"నువ్విచ్చినపుడే విరిగిండె."

"నేనిచ్చినపుడా? నా పుట్టింటి చాట, ఏదరముండే వెదురు..."

"నీ పుట్టింటి వెదురు సంగతి ఊరంతా ఎరుగును పో!"

అక్కడితో సంధి తెగింది. అవ్వ నడుముకు కొంగు బిగించింది, పక్కింటామె గడప దాటి వీధిలోకి వచ్చింది. ఏడు తరాల వంశావళి ఇరువైపులా వ్యూహం తీరింది. కల్లంలో గడ్డి తొక్కించేవాడు ఎద్దునూ ఆవునూ ఆపాడు, కక్కు కొట్టేవాడు ఉలి దించాడు, పిల్లలు గోడెక్కారు, ముసలివాళ్ళు చోటు చూసుకుని కూర్చున్నారు. ఇంత మంచి పోట్లాట ఊళ్ళో జరిగి ఆరు నెలలయింది.